నూట పదకొండు ముడులు

బడి మానేసినవాళ్ళు మా ఊళ్ళో చాలామంది ఉన్నారు. బడే మానేసినవాణ్ణి మాత్రం నేనొక్కణ్ణే. ఏడో తరగతి అర్ధసంవత్సరం పరీక్షల్లో నా లెక్కల పేపరు దిద్దిన అయ్యవారు నా మార్కులు చదవలేదు. "మీ నాయన్ని ఒకసారి రమ్మను, ఏదన్నా చేతిపని నేర్పించమని చెప్తా" అన్నాడు. మరుసటి వారం నుంచి పడవ ఇంజన్ల మెకానిక్కు దగ్గర స్పానర్లు అందించడం మొదలుపెట్టాను. ఈ సంగతి నేనే పదిమందికి చెప్పి నవ్విస్తుంటాను. రిపేరుకు వచ్చినవాడు కూలి దగ్గర బేరం మొదలుపెడితే, "నాకు లెక్కలు రావన్నా, నీకెంత తోస్తే అంతకు రెండింతలు ఇయ్యి" అంటాను. అలాంటి నేను జీవితంలో ఒక్క లెక్క మాత్రం చాలా జాగ్రత్తగా వేశాను. ఆ లెక్క పట్టుకునే మా అన్న చెయ్యి విరగ్గొట్టాను.

మాది మైపాడు. అన్న నాకంటే నాలుగేళ్ళు పెద్ద. నాయన పోయాక ఆయన సముద్రం మీదకు పోయాడు, నేను ఇంజన్ల కిందే ఉండిపోయాను. నాయన మాకు వదిలింది ఇరవై నాలుగు అంకణాల స్థలం, అందులో గాలివానకొకసారి ఎగిరిపోయే ఒక తాటాకు ఇల్లు. దాన్ని తీసేసి మిద్దె కట్టుకున్నాం. కింద అన్నావదినా, పైన నేనూ మా ఆవిడా. స్థలం కాగితాలు నెల్లూరులో ఒక బ్యాంకులో పెట్టి, ఇద్దరం సంతకాలు చేసి, పన్నెండు లక్షలు తీసుకున్నాం. నెలకు పదివేల ఏడువందల తొంభై ఏడు రూపాయలు కట్టాలి. గడువు ఇరవై ఏళ్ళు అన్నారు. కాగితాలన్నీ ఇంగ్లీషులో ఉన్నాయి. నాకు అందులో అర్థమైంది నా సంతకం ఒక్కటే, అదీ తెలుగులో ఉంది కాబట్టి.

అప్పంటే మా ఇంట్లో ముడులు. మా నాయనకు అక్షరం ముక్క రాదు. కొత్త వలకు చేపల వ్యాపారి దగ్గర డబ్బు తీసుకుంటే, ఎన్నిసార్లు తీర్చాలో అన్ని ముడులు ఒక తాడుకు వేసేవాడు. వ్యాపారి వడ్డీ అడగడు. మా చేపలే ధర తగ్గించి కొనుక్కుంటాడు. అందుకని ఇచ్చిన ప్రతి రూపాయీ అసల్లోకే పోయేది. ఒక వాయిదా ఇచ్చి, వ్యాపారి చూస్తుండగానే ఒక ముడి విప్పేవాడు. తాడు సాపుగా అయిపోయిన రోజు దాన్ని అదే వలకు కట్టి, ఆ సాయంత్రం తాగి, మమ్మల్నిద్దర్నీ కొట్టేవాడు. సంతోషం వచ్చినా కోపం వచ్చినా ఆయనకు తెలిసింది అదొక్కటే.

నేను కొంచెం నాగరికుణ్ణి కదా, ఫోన్‌లో లెక్క వేశాను. పన్నెండు లక్షల్ని పదివేల ఏడువందల తొంభై ఏడుతో భాగిస్తే నూట పదకొండు, కొంచెం చిల్లర. నైలాన్ తాడుకు నూట పదకొండు ముడులు వేసి మేడ మీద తలుపు పక్కన మేకుకు వేలాడదీశాను. తొమ్మిదేళ్ళ మూడు నెలలు. ఇసుకలో కనబడినవాడికల్లా చెప్పాను.

అన్న ఒక్కడే, "ఏమోరా, ఇరవై ఏళ్ళన్నారే వాళ్ళు" అన్నాడు.

"అది నీలాంటి సోమరోళ్ళకు పెట్టిన గడువన్నా. నెలనెలా కట్టేవాడికి ముందే అయిపోద్ది" అన్నాను.

నా మాటలకు ఎదురు చెప్పడం ఆయన చిన్నప్పుడే మానుకున్నాడు.

ఒకటో తారీఖున నా సగం ఆయన చేతిలో పెట్టేవాణ్ణి. ఆయన తన సగం కలిపి, బస్సెక్కి నెల్లూరు పోయి కట్టి వచ్చేవాడు. వేసవిలో రెండు నెలలు వేట నిషేధం. పడవలన్నీ ఒడ్డునే ఉంటాయి. ఆయనకు పైసా రాదు. నాకు మాత్రం అప్పుడే పని, ఇంజన్లన్నీ విప్పి నా ముందు పడేస్తారు. ఆ రెండు నెలలూ మొత్తం కంతు నేనే ఇచ్చేవాణ్ణి. వేట మొదలయ్యాక ఆయన కొంచెం కొంచెంగా తిరిగి ఇచ్చేవాడు. నేను, "వడ్డీ యాడన్నా?" అని ఎగతాళి చేసేవాణ్ణి. ఎగతాళిలో కొంత నిజం ఉంటుంది. ఏడేళ్ళలో ఆ నిజం లోపల గడ్డ కట్టింది.

ఏడేళ్ళు నిండాయి. ఎనభై నాలుగు ముడులు విప్పాను. ఇరవై ఏడు మిగిలాయి. నిషేధం రెండో నెలలో ఒక పొద్దున ఇంజను సీళ్ళు కొనడానికి నెల్లూరు పోయాను. ఒక చిన్న లేతు మిషను కొనాలని లక్ష రూపాయలు దాచి ఉన్నాను. ఇంటి అప్పు ఎంతుందో సరిగ్గా తెలిస్తే ధైర్యంగా కొనొచ్చని బ్యాంకులో దూరాను. కౌంటర్లో కూర్చున్న ఆయన ఒక కాగితం తీసి ఇచ్చాడు. కింద బాకీ పది లక్షల పదమూడు వేల అయిదువందల అరవై ఎనిమిది.

మూడుసార్లు చదివాను. నా తాడు ప్రకారం రెండు లక్షల తొంభై మూడు వేలుండాలి. ఏడు లక్షల ఇరవై వేలు తేడా. ఆయన్ను ఇదేందని అడగలేదు. అడగాల్సింది బ్యాంకుని కాదని నాకు అప్పటికే తెలిసిపోయింది. డబ్బు నా చేతి నుంచి బ్యాంకు దాకా మోసుకుపోయిన మనిషి ఒక్కడే.

బండి మీద వస్తుంటే దారి పొడుగునా సాక్ష్యాలు దొరికాయి. పోయినేడు వదిన చెవులకు వచ్చిన కమ్మలు. అన్న కొత్త ఫోను. బ్యాంకుకు పోయిన రోజుల్లో మధ్యాన్నం దాకా రాకపోవడం. రొయ్యల గుంటలు దాటేసరికి అన్న దొంగ. ఊరి మలుపు తిరిగేసరికి పుట్టుకతోనే దొంగ. రోజూ పదిమందిని నవ్వించేవాణ్ణి, ఆ దారంతా ఒక్క ఎగతాళి కూడా తోచలేదు. నోట్లో ఇనుము నాకినట్టుంది.

ఒడ్డున పడవ నీడలో అన్న ఇంకో ముగ్గురితో కలిసి వల బాగుచేసుకుంటున్నాడు.

"అన్నా, బ్యాంకులో ఇప్పటిదాకా ఎంతేసినావు?"

"నీకు తెలీదా? నువ్విచ్చిందీ నాదీ కలిపి ఏస్తానే ఉండానే."

"యాడేసినావు?"

"యాడేస్తార్రా, బ్యాంకులో."

"బ్యాంకోడు ఇంకా పది లక్షలంటాండాడు. నా తాట్లో మూడే ఉండాయి. మిగతా ఏడు లక్షలు యాడ పెట్టినావు, వదిన చెవులకా?"

ఆ ముగ్గురూ నవ్వారు. నేను మాట్లాడితే నవ్వడం వాళ్ళకు అలవాటు. అన్న కూడా సూది ఆపకుండా నవ్వాడు. "ఎండెక్కినట్టుండాది వీడికి. పోయి అన్నం తినుపోరా" అన్నాడు.

ఆ నవ్వు చూశాక తెడ్డు నా చేతిలోకి ఎలా వచ్చిందో తెలియదని చెబితే అబద్ధం. నేనే తీశాను. పడవకు ఆనించి రెండు తెడ్లుంటే, బరువైనది ఏరి మరీ తీశాను.

మొదటి దెబ్బ వీపు మీద పడింది. తడి గోనెసంచి మీద కొట్టినట్టు చప్పుడు వచ్చింది. అన్న ముందుకు, వల మీద పడ్డాడు. లేవబోతే వేళ్ళు వల కన్నుల్లో చిక్కుకున్నాయి. వాటిని లాక్కుంటుండగానే రెండో దెబ్బ నడుము మీద వేశాను. మూడోదానికి తల గురి చూశాను. ఎలాగో విడిపించుకున్న కుడి చెయ్యి అడ్డం పెట్టాడు. ఎండిన సరుగుడు కొమ్మ విరిగినట్టు పటుక్కుమంది. ఆ చెయ్యి అడ్డం రాకపోతే ఇదంతా నేను జైల్లో కూర్చుని చెప్పాల్సి వచ్చేది.

ఆయన దెబ్బలు తిని ఊరుకునే మనిషేమీ కాదు. తలతో నా పొట్టలో గుద్దాడు. వెల్లకిలా పడ్డాను. నన్ను తిప్పి, ఎడమ చేత్తో జుట్టు పట్టుకుని మొహాన్ని ఇసుకలో నాలుగుసార్లు కొట్టాడు. పైపన్ను ఒకటి కదిలింది. నోటినిండా ఇసుక, రక్తం, విరిగిన గవ్వ ముక్కలు. నేను చెయ్యి వెనక్కి తిప్పి దొరికినచోట గిచ్చాను, కొరికాను. ఆయన తొడ మీద నా పళ్ళ గుర్తు ఇప్పటికీ ఉంది. అయిదోసారి నా తల ఎత్తినవాడు ఎత్తినట్టే ఆగిపోయాడు. కుడి మోచేతికి కింద ఇంకో మోచెయ్యి మొలిచినట్టు చెయ్యి మడతపడి వేలాడుతోంది. అప్పుడు చూసుకున్నాడు. అరవలేదు. "వల లాగే చెయ్యిరా" అన్నాడు, మెల్లగా, ఎవరి చేతి గురించో చెబుతున్నట్టు.

అప్పుడు వచ్చింది వదిన, వెనకే మా ఆవిడ. ఎవరో ఇంటికి పరిగెత్తి చెప్పారు, ఏడు లక్షల మాటతో సహా. ఆమె కత్తిపీట తెస్తుందనుకున్నాను. బిస్కట్ల డబ్బా తెచ్చింది, పాత తగరపుది.

"నా మొగుడు దొంగంట్రా? లెక్కబెట్టుకో" అని మొహాన విసిరింది.

డబ్బా అంచు కనుబొమ తెంచింది. మూత ఊడి రసీదులు ఒడ్డంతా ఎగిరాయి. నా మీద కలబడాల్సిన ఆ ముగ్గురూ, మా ఆవిడా కాగితాల వెనక పరిగెత్తారు. ఏరి తెచ్చినవాటిని వదిన నా ముందు కుప్పపోసి, ఒక్కొక్కటీ పైకి చదవమంది. కంట్లోకి రక్తం కారుతుంటే తుడుచుకుంటూ చదివాను. ప్రతిదాని మీదా బ్యాంకు ముద్ర ఉంది. ఎనభై నాలుగు. ఒక్కటి కూడా తగ్గలేదు. చివరి పది నా రక్తంతో ఒకదానికొకటి అంటుకుపోయాయి.

మా ఆవిడ నా వైపు చూసి, "ఇప్పుడు ఎవర్ని కొడతావు?" అంది.

నెల్లూరు ఆసుపత్రిలో అన్న చేతిలో ప్లేటు వేసి ఎనిమిది స్క్రూలు బిగించారు. జీవితమంతా స్క్రూలు బిగించి బతికినవాణ్ణి, ఆ ఎక్స్‌రే చూడలేక బయటికి వచ్చేశాను. లేతు మిషను లక్షా అక్కడే అయిపోయింది. ఊరి పెద్దలు నా మీద దురాయి పెట్టారు. అన్న ఊఁ అనేదాకా ఎవరూ నా దగ్గరికి ఇంజను తేకూడదు, నేను పడవ ముట్టకూడదు. వదిన కోరింది ఒక్కటే, ఇల్లు పంచి మధ్యలో గోడ పెట్టాలని. అన్న ఆసుపత్రి నుంచి వచ్చాక ఆయన ఏది చెబితే అదే తీర్పు అన్నారు.

మూడో రోజు, కనుబొమకు కుట్లతో, మళ్ళీ బ్యాంకుకు పోయాను. దొంగను పట్టుకోవాలి కదా. ఈసారి గాజుగదిలో ఉన్న అప్పుల మేడం దగ్గరికి పంపారు. చిన్న వయసు.

"తలకేమైందండీ?"

"బిస్కట్ డబ్బా తగిలింది మేడం. ఏడు లక్షలు ఎవరు తిన్నారో చెప్పండి."

ఆమె కంప్యూటర్లో చూసి, కాగితం మీద రాసి చూపించింది. "మీరు కట్టిన మొదటి కంతులో తొమ్మిది వేలు వడ్డీకే పోయాయి. అసలు తగ్గింది పదిహేడువందల తొంభై ఏడు."

అంటే ఆ నెల నేను విప్పాల్సింది ముడిలో ఆరో వంతు. నేను పూర్తి ముడి విప్పి, ఆ రాత్రి కోడికూర తిన్నాను.

"రెండో నెల?"

"కొంచెం ఎక్కువ. పదమూడు రూపాయలు ఎక్కువ తగ్గింది."

మా పడవ లెక్క అప్పుడు గుర్తొచ్చింది. చేపలు అమ్మిన డబ్బులో ముందు డీజిలు, ఐసు ఖర్చు తీస్తారు. మిగిలింది పాళ్ళు వేస్తారు. డీజిలే అంతా తాగేస్తే మనిషికి వంద కూడా రాదు, దానికి ఎవరూ ఎవర్నీ కొట్టుకోరు. ఇంటి అప్పులో వడ్డీ అంటే డీజిలు. నాయన తాడు నాకు బాగా గుర్తుంది గాని, రోజూ కళ్ళముందు జరిగే పడవ లెక్క గుర్తుకు రాలేదు.

"సరే మేడం. ఇంకెన్ని?"

"నూట ఎనభై నాలుగు."

"ఇరవై ఏళ్ళంటే రెండువందల నలభై కదా. అందులో ఎనభై నాలుగు కట్టాం. నూట యాభై ఆరేగా?"

"రెండేళ్ళ కింద వడ్డీ తొమ్మిది నుంచి పదికి పెరిగింది. కంతు పెంచకుండా గడువు పొడిగించాం. ఇరవై ఎనిమిది నెలలు పెరిగాయి. మీకు ఉత్తరం కూడా పంపించాం."

ఉత్తరం వచ్చింది. ఇంగ్లీషులో, మంచి మందపాటి కాగితం మీద. ఆ రోజు గ్యాస్కెట్ దొరక్క, దాన్నే కత్తిరించి నూనె రాసి ఒక ఇంజనుకు వేశాను. ఆ ఇంజను ఇప్పటికీ కారడం లేదు.

"మొత్తం ఎంతవుతుంది మేడం?"

"ఇలాగే కడితే, మొదటి నుంచి చివరిదాకా కలిపి ఇరవై తొమ్మిది లక్షలకు కొంచెం తక్కువ."

"పన్నెండు లక్షల ఇంటికా?"

"ఇల్లు పన్నెండుకే వచ్చింది. మిగతా పదిహేడూ, మా డబ్బు ఇరవై రెండేళ్ళు మీ దగ్గర ఉన్నందుకు. మధ్యలో ఎప్పుడైనా ఎక్కువ డబ్బు కడితే అది నేరుగా అసల్లోకి పోతుంది. ఇప్పుడు ఒక లక్ష కడితే చివర్లో ముప్పై ఆరు కంతులు తగ్గుతాయి. మీ దగ్గర లక్ష ఉందా?"

"మొన్నటిదాకా ఉండింది మేడం."

చేతులు దురద పెట్టాయి. ఆ గదిలో ఒక బల్ల, ఒక క్యాలెండరు, ఆ అమ్మాయి. ఆమె నిజం చెప్పింది. నిజం చెప్పినవాళ్ళను కొట్టడం ఒకసారి చేసి ఉన్నాను. లేచి దణ్ణం పెట్టి వచ్చేశాను. ఇల్లు పంచుకోవచ్చా అని గుమ్మం దగ్గర ఆగి అడిగాను. అప్పు తీరేదాకా కాగితాలు ఇక్కడే ఉంటాయి, బ్యాంకు ఒప్పుకోకుండా పంపకం కుదరదు అంది.

ఇంటికి రాగానే గడ్డపార తీసుకుని మేడ ఎక్కాను. పిట్టగోడను కొట్టాను. మొదటి పోటుకు పెళ్ళలు ఊడాయి, రెండో పోటుకు ఇటుకలు కదిలాయి. నాలుగో అయిదో పోటుకు గోడ ముక్క విరిగి కింద వదిన తులసికుండీ మీద పడి కుండీ బద్దలైంది. కనుబొమ కుట్లలో రెండు తెగాయి. ఇది పదిహేడు లక్షలు, ఇది ఇరవై ఎనిమిది నెలలు, ఇది గ్యాస్కెట్ అనుకుంటూ పొడిచాను. మా ఆవిడ మెట్ల మీద కూర్చుని చూస్తోంది.

"కొట్టు. మొత్తం పడగొట్టు. కంతులో ఒక్క రూపాయి తగ్గితే అప్పుడు నాకు చెప్పు" అంది.

గడ్డపార పడేసి, తాడులో మిగిలిన ఇరవై ఏడు ముడులూ కత్తితో తెగ్గోశాను. నైలాను కదా, అదీ సులువుగా తెగలేదు. వేలు కోసుకుపోయింది.

అన్న ఇంటికి వచ్చిన ఆదివారం పొద్దున్నే పెద్దలు వచ్చారు. వరండాలో మంచం మీద అన్న, మెడకు వేలాడదీసిన కట్టుతో. గుమ్మంలో వదిన, నా మొహం చూడకుండా. నేను కింద కూర్చున్నాను. బ్యాంకు మేడం చెప్పిందంతా చెప్పాను. తొమ్మిది వేలు, పదిహేడువందలు, డీజిలు, గ్యాస్కెట్, అంతా. పంపకం కుదరదన్నది కూడా.

అన్న ఎడమ చేత్తో కట్టు సర్దుకున్నాడు. "నాకూ తెలీదురా ఇదంతా. ఇరవై ఏళ్ళన్నారు, కట్టుకుంటా పోయినా" అన్నాడు.

"తెలీకపోతే నువ్వు కొట్టలేదే" అంది వదిన, నాకు తగిలేట్టు.

ఒక పెద్దాయన, "ఏమంటావబ్బయ్యా, గోడ పెడదామా? కాగితాల్లో కుదరకపోతే ఇంట్లోనన్నా పెట్టుకోవచ్చు. లేదా వీణ్ణి ఊళ్ళోనుంచి పంపిద్దామా?" అని అడిగాడు.

ఆ చెయ్యి మళ్ళీ వల లాగుతుందో లేదో డాక్టరు కూడా చెప్పలేదు. తర్వాత తెలిసింది, రెండు వేళ్ళు పూర్తిగా మడవలేడని. ఏడవడం రాక, నాకు వచ్చిన పనే చేశాను.

"అన్నా, నేను కొట్టిన దెబ్బ ఖరీదు లెక్కేసినా. ముప్పై ఆరు కంతులు. దెబ్బకు పన్నెండు. అంత ఖరీదైన దెబ్బ ఈ ఒడ్డున ఎవడూ తిన్లా. నువ్వు నన్ను పంపించొద్దు. ఇకనుంచి నీ సగం కూడా నేనే సంపాదిస్తా. నెలనెలా బ్యాంకుకు కూడా నేనే పోయి కట్టొస్తా."

పెద్దలు తలలు దించుకున్నారు. అన్న ఎడమ చేత్తో దిండు కింద ఆ బిస్కట్ డబ్బా వెతికి తీశాడు. అంచు సొట్టపోయి ఉంది. దాన్ని ఒళ్ళో పెట్టుకుని నా వైపు చూశాడు.

"ఎనభై నాలుగు సార్లు నేను పోయొచ్చినా. ఎవురికీ ఏమీ కాలా. నువ్వు ఒక్కసారి పోయినావు, నా ఎముక ఇరిగింది. రెండోసారి పోయినావు, పిట్టగోడ పడింది. నువ్వు ఇంజన్లు చూసుకో నాయనా. ఒంటిచేత్తోనన్నా బ్యాంకుకు నేనే పోతా."